ఈఎంఐతో పాటు గడువు కూడా చూడండి
మధురవాడలోనో పెందుర్తిలోనో ఫ్లాట్ చూసుకుని లోన్‌కి వెళ్తున్నవాళ్లు ఈఎంఐ ఎంతో అడిగి ఊరుకోకండి. 50 లక్షలు, 8.5 శాతం, 20 ఏళ్లకైతే నెలకు సుమారు 43,400. మొదటి నెల అందులో 35,400 వడ్డీకే పోతుంది. మొత్తం వడ్డీ 54 లక్షలు, అంటే అసలు కంటే ఎక్కువే!

అసలు తంటా ఫ్లోటింగ్ రేటుతో, అంటే మధ్యలో పెరుగుతూ తగ్గుతూ ఉండే వడ్డీతో. మొదట్లోనే ఒక శాతం పెరిగి, ఈఎంఐ అలాగే ఉంచితే గడువు 25 ఏళ్లు దాటేస్తుంది. ఈఎంఐ మారలేదు కదా అని మనం పట్టించుకోం. గడువు పొడిగించకుండా ఈఎంఐ పెంచుకునే వీలు ఇవ్వాలని ఆర్‌బీఐ 2023లోనే చెప్పింది, బ్రాంచిలో అడగండి.

బోనసో, అరియర్సో వచ్చినప్పుడు ఏటా ఒక ఈఎంఐ అదనంగా కడితే గడువు మూడేళ్లకు పైనే తగ్గుతుంది. ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్‌కి దీనిమీద పెనాల్టీ లేదు. కట్టేటప్పుడు ‘ఈఎంఐ కాదు, గడువు తగ్గించండి’ అని రాసివ్వండి.