రోడ్డు ప్రమాదంలో గృహిణి మరణిస్తే నష్టపరిహారాన్ని ఎలా లెక్కించాలి?

రోడ్డు ప్రమాదంలో ఇల్లాలు మరణించిన కేసులో మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రైబ్యునల్ వేసే లెక్క అంతా ఒకే ఒక్క అంకె మీద నిలబడుతుంది. ఆమె ఇంటి పనికి నెలకు ఎంత విలువ కట్టాలన్నదే ఆ అంకె. మిగిలినదంతా కూడికలు, హెచ్చవేతలు మాత్రమే. అందువల్ల మోటారు వాహనాల చట్టం 166వ సెక్షను కింద వేసే దరఖాస్తులో ఆదాయం గడి దగ్గర ‘లేదు’ అని రాసి ఊరుకోకూడదు. శవ పంచనామాలో పోలీసులు వృత్తి ఎదురుగా ‘హౌస్ వైఫ్’ అని రాసినంత మాత్రాన ఆమె సంపాదన సున్నా అయిపోదు.

మొదటి మెట్టు: నెలసరి విలువ

జంషెడ్‌పూర్‌లో 1989లో జరిగిన అగ్నిప్రమాదానికి సంబంధించిన లతా వాధ్వా కేసులో 2001లోనే సుప్రీంకోర్టు గృహిణుల సేవలకు నెలకు 3,000 రూపాయల విలువ కట్టింది. అది ఆనాటి ధరల ప్రకారం వేసిన అంచనా కనుక ఇప్పుడు దానినే పట్టుకుని కూర్చోవలసిన పని లేదు. గృహిణి ఆదాయాన్ని కనీస వేతనం కంటే తక్కువగా ఎలా చూస్తారని అదే న్యాయస్థానం 2024లో ప్రశ్నించింది. కనుక ప్రమాదం జరిగిన నాటికి రాష్ట్ర కార్మిక శాఖ ప్రకటించిన కనీస వేతనాల పట్టికను సంపాదించి, దానిని అడుగు గీతగా మాత్రమే చూపించి, అంతకంటే ఎక్కువ ఎందుకు ఇవ్వాలో సాక్ష్యంలో చెప్పించాలి. పిల్లల చదువు, మంచం పట్టిన అత్తమామల సేవ, వంట, నీళ్లు, బట్టలు, వీటిలో ఏ పనికి ఇప్పుడు మనిషిని పెట్టుకోవలసి వచ్చిందో, ఆ మనిషికి ఎంత ఇస్తున్నారో భర్త తన వాంగ్మూలంలో స్పష్టంగా చెప్పడం మేలు. సుప్రీంకోర్టులోనే కీర్తి కేసులో 2021లో ప్రత్యేకంగా తీర్పు రాసిన జస్టిస్ ఎన్.వి. రమణ, స్త్రీలు జీతం లేని ఇంటి పనికి రోజుకు సగటున 299 నిమిషాలు, పురుషులు 97 నిమిషాలు వెచ్చిస్తున్నారన్న జాతీయ సర్వే అంకెలను ఉదహరించారు. కృష్ణా జిల్లా రైతు కుటుంబం నుంచి వచ్చిన న్యాయమూర్తికి ఆ పని బరువు ఎంతో ఎవరూ చెప్పవలసిన అవసరం ఉండి ఉండదు.

మన పల్లెల్లో ‘ఉత్త గృహిణి’ అరుదు. ఆమె రెండు గేదెలను మేపి పాల కేంద్రానికి పాలు పోసి ఉంటే ఆ కేంద్రం పుస్తకం, కుట్టుమిషను మీద సంపాదించి ఉంటే చుట్టుపక్కల వారి సాక్ష్యం, డ్వాక్రా సంఘం పొదుపు పుస్తకం, ఉపాధి హామీ జాబ్ కార్డు దాఖలు చేసి, ఆ ఆదాయాన్ని ఇంటి పని విలువకు అదనంగా అడగాలి.

రెండో మెట్టు: వయసు

మిగతా లెక్కకు మరణించిన వ్యక్తి వయసే ఆధారం. ఆధార్ కార్డు పుట్టిన తేదీకి రుజువు కాదని సుప్రీంకోర్టు 2024లో తేల్చింది కాబట్టి, బడికి వెళ్లిన మనిషైతే టి.సి. గానీ పదో తరగతి మెమో గానీ వెతికి పెట్టుకోవాలి. సుప్రీంకోర్టు ప్రణయ్ సేథీ తీర్పు (2017) ప్రకారం వయసు 40 లోపు అయితే నెలసరి విలువకు 40 శాతం, 40 నుంచి 50 మధ్య అయితే 25 శాతం, 50 నుంచి 60 మధ్య అయితే 10 శాతం భవిష్యత్ వృద్ధి (బతికి ఉంటే ముందు ముందు పెరిగే ఆదాయం) కింద కలుపుతారు. గృహిణికి కూడా ఇది వర్తిస్తుందని చెప్పింది కీర్తి తీర్పే. ‘జీతమే లేని మనిషికి ఇంక్రిమెంటు ఏమిటి’ అన్న వాదన ఎదురైతే ఆ తీర్పును చూపించాలి.

మూడో మెట్టు: కోత, గుణకం

తన సొంత ఖర్చుల కింద ఆమె వాడుకునేది అనుకున్న భాగాన్ని తీసివేస్తారు. ఆధారపడినవారు ఇద్దరు ముగ్గురైతే మూడో వంతు, నలుగురి నుంచి ఆరుగురైతే నాలుగో వంతు, ఆరుగురికి మించితే అయిదో వంతు తగ్గుతుంది. మిగిలిన ఏడాది మొత్తాన్ని సుప్రీంకోర్టు సరళా వర్మ తీర్పు (2009) వయసును బట్టి ఇచ్చిన గుణకంతో హెచ్చవేస్తారు. ఈ గుణకం 15 నుంచి 25 ఏళ్ల వారికి 18, 26–30కి 17, 31–35కి 16, 36–40కి 15, 41–45కి 14, 46–50కి 13, 51–55కి 11, 56–60కి 9, 61–65కి 7, ఆపైన 5.

34 ఏళ్ల గృహిణి భర్తను, ఇద్దరు పిల్లలను, తన మీదే ఆధారపడిన అత్తగారిని విడిచి మరణించిందనీ, ట్రైబ్యునల్ నెలకు 12,000 రూపాయలు విలువ కట్టిందనీ అనుకుందాం. 40 శాతం కలిపితే 16,800, ఏడాదికి 2,01,600. నాలుగో వంతు తీసివేస్తే 1,51,200. దానిని 16తో హెచ్చవేస్తే 24,19,200 రూపాయలు. భవిష్యత్ వృద్ధిని అడగడం మరిచిపోతే ఇదే లెక్క 17,28,000 దగ్గర ఆగిపోతుంది. ఒక్క వాక్యం మరిచినందుకు 6,91,200 రూపాయల నష్టం.

నాలుగో మెట్టు: విడి పద్దులు

ప్రణయ్ సేథీ తీర్పు సాహచర్య నష్టానికి (ఆమె తోడు, ఆప్యాయత కోల్పోయినందుకు) 40,000, ఎస్టేట్ నష్టానికి (ఆమె ఆస్తిపాస్తులకు కలిగిన నష్టానికి) 15,000, అంత్యక్రియలకు 15,000 నిర్ణయించి, మూడేళ్లకోసారి 10 శాతం పెంచాలని చెప్పింది. రెండు పెంపుదలల తరువాత అవి వరుసగా 48,400, 18,150, 18,150 అవుతాయి. సాహచర్య నష్టం భర్తకు మాత్రమే కాదు, పిల్లలకు, మరణించిన వ్యక్తి తల్లిదండ్రులకు కూడా విడివిడిగా వస్తుంది. పై ఉదాహరణలో భర్తకు, ఇద్దరు పిల్లలకు కలిపి 1,45,200, మిగతా రెండు పద్దులకు 36,300 చేరిస్తే మొత్తం 26,00,700 రూపాయలు. ఆసుపత్రిలో చికిత్స పొందుతూ చనిపోయి ఉంటే బిల్లుల మొత్తం దీనికి అదనం. ప్రమాదంలో ఆమె తప్పు కూడా ఉందని తేలితే ఆ మేరకు కోత పడుతుంది.

దరఖాస్తును ప్రమాదం జరిగిన చోట గానీ, కుటుంబం నివసించే చోట గానీ, ప్రతివాది నివసించే చోట గానీ ఉన్న ట్రైబ్యునల్‌లో వేయవచ్చు. 2022 ఏప్రిల్ నుంచి అమలులో ఉన్న సవరణ ఇందుకు ఆరు నెలల గడువు పెట్టింది. గడువు మాట అటుంచినా, 171వ సెక్షను కింద వడ్డీ దరఖాస్తు వేసిన తేదీకి ముందు కాలానికి రాదు. 7.5 శాతం వడ్డీ ఇస్తే పై మొత్తం మీద నెలకు పదహారు వేల రూపాయలకు పైగా వస్తుంది. దరఖాస్తు ఆలస్యమైన ప్రతి నెలా పోయేది ఆ డబ్బే.