మైన్‌క్రాఫ్ట్‌లో మాబ్‌లు ఎందుకు మీదపడతాయి, ఎలా చల్లబడతాయి

మైన్‌క్రాఫ్ట్‌లో ఏదైనా మాబ్ (గేమ్‌లో తిరిగే జీవి) వెంటపడగానే చాలామంది ముందు కత్తి తీస్తారు. పని జరగకపోతే డిఫికల్టీని పీస్‌ఫుల్‌కి మార్చేస్తారు. పీస్‌ఫుల్ పెడితే జాంబీలు, క్రీపర్లు అప్పటికప్పుడు మాయమవుతాయి, నిజమే. కానీ మీరు కష్టపడి పట్టి, నేమ్ ట్యాగ్ పెట్టి దాచుకున్న జాంబీ కూడా వాటితో పాటే పోతుంది. నన్నడిగితే దాన్ని పరిష్కారం అనను.

ముందు తేల్చుకోవాల్సిన విషయం ఒకటుంది. ఆ మాబ్ పుట్టుకతోనే శత్రువా, లేక మనం చేసిన పనికి శత్రువైందా? జాంబీ, స్కెలిటన్, క్రీపర్ మొదటి రకం. వాటిని శాంతపరిచే మార్గం గేమ్‌లో లేదు, దూరంగా ఉంచే మార్గాలే ఉన్నాయి. ఎండర్‌మ్యాన్, తేనెటీగ, తోడేలు, జాంబిఫైడ్ పిగ్లిన్, ఐరన్ గోలెమ్ రెండో రకం. వీటి కోపానికి ఒక కారణం ఉంటుంది, ఒక గడువూ ఉంటుంది. కింద చెప్పేవి జావా ఎడిషన్ లెక్కలు. ఫోన్లలో ఆడే బెడ్‌రాక్‌లో చాలావరకు ఇదే పద్ధతి అయినా అంకెలు కొన్నిచోట్ల మారతాయి.

నెదర్‌లో ఒకదానికి దెబ్బ తగిలితే గుంపంతా మీదికొచ్చింది

ఇవి నెదర్‌లో, అంటే గేమ్‌లోని నిప్పుల లోకంలో ఉండే జాంబిఫైడ్ పిగ్లిన్‌లు, చేతిలో బంగారు కత్తితో నెమ్మదిగా తిరుగుతుంటాయి. మీరు ముట్టుకోనంతవరకు పక్కనుంచి వెళ్ళినా పట్టించుకోవు. ఒకదానికి దెబ్బ తగిలిందంటే మాత్రం తేనెతుట్టెను కదిపినట్టే, చుట్టుపక్కల ఉన్నవన్నీ కదిలొస్తాయి.

"నేను దాన్ని కొట్టనే లేదు" అనేవాళ్ళే ఎక్కువ. నిజంగానే కావాలని కొట్టి ఉండరు. అసలు దోషం కత్తి ఊపులో ఉంటుంది. జావాలో నేల మీద నిలబడి కత్తితో పూర్తి బలంగా కొడితే ఎదుటి మాబ్‌తో పాటు దాని పక్కనున్న వాటికీ కొద్దిగా దెబ్బ పడుతుంది. మీరు మాగ్మా క్యూబ్‌ని కొట్టాననుకుంటారు, పక్కనే నిలబడ్డ జాంబిఫైడ్ పిగ్లిన్‌కి కూడా తగిలి ఉంటుంది. గురి తప్పిన బాణం కూడా అంతే. అందుకని గుంపు దగ్గర పోరాడాల్సి వస్తే గొడ్డలి వాడండి, దానికి ఈ ఊపు దెబ్బ లేదు. కత్తే కావాలంటే పరుగెత్తుతూ కొట్టండి, అప్పుడూ పక్కవాటికి తగలదు.

ఇప్పటికే రెచ్చిపోయి ఉంటే ఎదురు నిలవొద్దు. వాటి కోపానికి 20 నుంచి 39 సెకన్ల గడువుంది. చిక్కేమిటంటే, మీరు వాటి గురిలో ఉన్నంతసేపు ఆ గడియారం తిరగదు. మూడు బ్లాకుల స్తంభం కట్టి పైన నిలబడితే ప్రాణం దక్కుతుంది, కోపం మాత్రం అలాగే ఉంటుంది. కింద చేరి తలలెత్తి చూస్తూనే ఉంటాయి. కంటికి కనపడనంత దూరం పోవాలి. 35 బ్లాకులు దాటితే సాధారణంగా వదిలేస్తాయి, ఆ తర్వాత అర నిమిషం ఆగితే మామూలైపోతాయి. పోర్టల్ దగ్గర్లో ఉంటే ఓవర్‌వరల్డ్‌కి, అంటే మామూలు లోకానికి దాటేయడమే తేలిక. దారి లేనప్పుడు చుట్టూ గోడ కట్టేసుకోండి. ఇవి బ్లాకులు పగలగొట్టలేవు.

చచ్చిపోయారా? మరీ టెన్షన్ పడకండి. 2020లో వచ్చిన 1.16 అప్‌డేట్ నుంచి, ఆటగాడు చనిపోతే అతని మీదున్న కోపాన్ని ఈ మాబ్‌లు దగ్గర్లో ఉంటే మర్చిపోతాయి. గేమ్ రూల్స్‌లో దీని పేరు ఫర్గివ్ డెడ్ ప్లేయర్స్, మామూలుగా ఆన్‌లోనే ఉంటుంది. కింద పడ్డ మీ సామాను 5 నిమిషాలు ఉంటుంది కాబట్టి తిరిగి వెళ్ళి ఏరుకోవచ్చు. మళ్ళీ వెళ్ళినప్పుడూ కొడుతున్నాయంటే, మీ సర్వర్ నడిపేవాళ్ళు ఆ రూల్ ఆఫ్ చేశారేమో అడగండి. మీరేమీ చేయకుండానే, స్నేహితుడు కొట్టినందుకు మిమ్మల్నీ కొడుతున్నాయంటే యూనివర్సల్ యాంగర్ అనే రూల్ ఆన్ చేసి ఉంటుంది. అది మామూలుగా ఆఫ్‌లో ఉంటుంది.

బంగారు బూట్లు వేసుకున్నా పిగ్లిన్‌లు వదలడం లేదు

బతికున్న పిగ్లిన్‌ల లెక్క వేరు. ఒంటి మీద ఒక్క బంగారు ఆర్మర్ ముక్క లేకపోతే చూడగానే దాడి చేస్తాయి. హెల్మెట్, చెస్ట్‌ప్లేట్, లెగ్గింగ్స్, బూట్లు, ఏదో ఒకటి చాలు. నాలుగు కడ్డీలతో అయిపోతాయి కాబట్టి బూట్లే చవక. చేతిలో బంగారు కత్తి పట్టుకుంటే సరిపోదు, అది ఆర్మర్ కింద లెక్కకు రాదు.

వేసుకున్నాక కూడా కొడుతుంటే ముందు బూట్లు ఉన్నాయో లేవో చూసుకోండి. నవ్వులాట కాదు. బంగారు బూట్ల మన్నిక 91 మాత్రమే, స్కెలిటన్ బాణాలు, ఇతర దెబ్బలు తింటూ ఎప్పుడు విరిగిపోయాయో గమనించరు. అవి పోయిన క్షణం నుంచి మీరు శత్రువే. అన్‌బ్రేకింగ్ (మన్నిక పెంచే మంత్రం) వేయించుకోండి, లేదా బ్యాగులో ఇంకో జత ఉంచుకోండి.

బూట్లు బాగానే ఉన్నాయంటే, వాళ్ళ సొత్తు మీద చెయ్యి వేసి ఉంటారు. పిగ్లిన్‌లు దగ్గర్లో ఉండగా బంగారు ఖనిజం తవ్వినా, బంగారు బ్లాకు పగలగొట్టినా, చెస్ట్ లేదా బ్యారెల్ తెరిచినా ఎంత బంగారం వేసుకున్నా ఆగవు. మీరే పెట్టుకున్న చెస్ట్ అయినా సరే! వాటికి అదంతా ఒకటే. ఇక్కడ ఒక తేడా ఉపయోగపడుతుంది. చెస్ట్ విషయంలో పిగ్లిన్ మిమ్మల్ని చూస్తేనే కోపం వస్తుంది. చుట్టూ బ్లాకులు పెట్టుకుని, వాటి చూపుకు అడ్డం కట్టి తెరిస్తే ఏమీ కాదు. బంగారం తవ్వితే మాత్రం చూసినా చూడకపోయినా తెలిసిపోతుంది, అడ్డుగోడ పనిచేయదు. కాబట్టి తవ్వకానికి పిగ్లిన్‌లు లేని చోటు వెతుక్కోవాల్సిందే.

బంగారం వేసుకోలేదని వెంటపడుతున్న పిగ్లిన్ ముందు ఒక బంగారు కడ్డీ విసిరితే ఆగి దాన్ని పరిశీలిస్తుంది. ఆ ఆరు సెకన్లు పారిపోవడానికి చాలు. మీరు కొట్టి రెచ్చగొట్టిన దానికి ఈ లంచం పనిచేయదు. సోల్ టార్చ్, సోల్ లాంటర్న్ అంటే వాటికి భయం. నెదర్‌లో ఇల్లు కట్టుకుంటే గుమ్మం చుట్టూ అవి పెట్టండి.

ఇవేవీ పనిచేయని ఒక పిగ్లిన్ ఉంది. బంగారు గొడ్డలి పట్టుకుని, బాస్టియన్ శిథిలాల్లో కనిపించే పిగ్లిన్ బ్రూట్. బంగారం చూడదు, సోల్ టార్చ్‌కి బెదరదు. దాన్ని శాంతపరచాలని సమయం వృథా చేయకండి. ఊరట ఏమిటంటే బాస్టియన్‌తో పాటు పుట్టినవి తప్ప కొత్తవి రావు. ఉన్నవాటిని ఒకసారి తీసేస్తే ఆ చోటు వరకు పీడ విరగడే.

పక్కనే క్రిమ్సన్ అడవిలో పందుల్లాంటి హాగ్లిన్‌లు మీదికొస్తుంటే వార్ప్‌డ్ ఫంగస్ నాటండి. ఏడు బ్లాకుల లోపుకి రావు. పూలకుండీలో పెట్టినా పనిచేస్తుంది.

ఎండర్‌మ్యాన్ దూరం నుంచే నోరు తెరుచుకుని వచ్చేస్తోంది

మీ గురి గుర్తు దాని ముఖం మీద పడింది. 64 బ్లాకుల దూరంలో ఉన్నా చాలు. కింద నేల చూస్తూ నడిస్తే మామూలప్పుడు ఇబ్బంది ఉండదు, కానీ ఎండ్ అనే లోకంలో ఎటు తిరిగినా అవే. అక్కడికి వెళ్ళేముందు గుమ్మడికాయను కత్తెరతో చెక్కి తలకు పెట్టుకోండి. అది ఉన్నంతసేపు ఎంత తేరిపార చూసినా ఏమనవు. చూపు సగం మూసుకుపోతుందని చాలామంది తీసేస్తారు. జావాలో ఎఫ్5 నొక్కి వెనకనుంచి చూసే కోణంలో ఆడితే ఆ అడ్డు ఉండదు. హెల్మెట్ రక్షణ పోతుంది కదా అంటే పోతుంది, ఆ బేరం తప్పదు.

అప్పటికే వెంటపడుతుంటే నీళ్ళలోకి దిగండి. నీళ్ళు, వాన దానికి పడవు. నీళ్ళు దొరకని చోట రెండు బ్లాకుల ఎత్తులో పైకప్పు వేసుకుని లోపల నిలబడండి. దాని ఎత్తు దాదాపు మూడు బ్లాకులు కాబట్టి లోపలికి రాలేదు, మీరు మాత్రం కాళ్ళ మీద కొట్టుకోవచ్చు.

తేనె తీయగానే ఈగలు కుట్టాయి

పొగ పెట్టలేదు. తేనెపట్టు కింద ఐదు బ్లాకుల లోపు వెలిగిన క్యాంప్‌ఫైర్ ఉండాలి, మధ్యలో అడ్డు ఉండకూడదు. పొగ తగులుతుంటే సీసాతో తేనె తీసినా, కత్తెరతో మైనం తీసినా ఈగలు కదలవు. క్యాంప్‌ఫైర్ పెట్టినా కుడుతున్నాయంటే దూరం లెక్కపెట్టండి, తర్వాత మధ్యలో ఏదైనా బ్లాకు ఉందేమో చూడండి. ఈగలే మంటలో పడి చస్తున్నాయా? మంట మీద కార్పెట్ పరచండి, పొగ ఆగదు. డిస్పెన్సర్‌లో కత్తెర పెట్టి తీయిస్తే పొగ అవసరమే ఉండదు.

పట్టునే ఇంటికి తెచ్చుకోవాలనుకుంటే రాత్రి, ఈగలన్నీ లోపల ఉన్నప్పుడు, సిల్క్ టచ్ మంత్రం ఉన్న పనిముట్టుతో తీయండి. ఈగలు లోపలే ఉండిపోతాయి. మామూలుగా పగలగొడితే అన్నీ బయటికొచ్చి కుడతాయి, కుట్టిన ఈగ కాసేపటికి చనిపోతుంది. మీకు విషం, వాటికి చావు, ఎవరికీ లాభం లేదు. ఎక్కిన విషం ఒక తేనె సీసా తాగితే దిగుతుంది.

తోడేలుకి ఎముక ఇస్తున్నా తీసుకోవడం లేదు

కళ్ళు ఎర్రగా ఉన్నాయంటే దానికి కోపం తగ్గలేదు. ఆ స్థితిలో మచ్చిక కాదు. దూరం జరిగి, చల్లబడ్డాక మళ్ళీ ఇవ్వండి. ఒక్కో ఎముకకి మచ్చికయ్యే అవకాశం మూడింట ఒక వంతే కాబట్టి నాలుగైదు దగ్గర ఉంచుకోండి.

ఊళ్ళో అడుగుపెట్టగానే ఐరన్ గోలెమ్ కొడుతోంది

ఊరికి కాపలా కాసే గోలెమ్‌కి మీతో సొంత పగ లేదు. గ్రామస్తుల్లో మీ పేరు చెడిపోయింది. గేమ్ ప్రతి గ్రామస్తుడి మనసులో మీ గురించి ఒక అంకె రాసుకుంటుంది. ఒక దెబ్బకి 25 తగ్గుతుంది. ఒకణ్ణి చంపితే చూసిన ప్రతివాడి దగ్గరా 125 తగ్గుతుంది. గోలెమ్ దగ్గర్లో ఉన్న ఎవరి లెక్కలోనైనా మీరు మైనస్ 100కి దిగితే అది కదులుతుంది. నాలుగు దెబ్బలు, లేదా ఒక హత్య.

ఈ పగ రోజుకింత చొప్పున కరుగుతుంది. సాధారణంగా ఒక్క మైన్‌క్రాఫ్ట్ రోజు గడిస్తే చాలు. అయితే మంచం మీద పడుకుని తెల్లవారుజాముకి దూకితే ఆ రోజు లెక్కకు రాదు, నిజంగా 20 నిమిషాలు గడవాలి. ఊరికి కాస్త దూరంలో ఆగి వేరే పని చూసుకోండి. తర్వాత వ్యాపారం చేస్తే పేరు కొద్దికొద్దిగా పెరుగుతుంది. జాంబీగా మారిన గ్రామస్తుడికి వీక్‌నెస్ మందు చల్లి బంగారు ఆపిల్ తినిపించి నయం చేస్తే అతని దగ్గర ఒక్కసారిగా పెరుగుతుంది. మీరు ఇనుప బ్లాకులతో స్వయంగా కట్టిన గోలెమ్ అయితే ఏం చేసినా మీ మీదికి రాదు.

క్రీపర్లు, ఫాంటమ్‌లు ఇంటి చుట్టూ తిరుగుతున్నాయి

ఇవి చల్లబడేవి కావు. పిల్లిని తెచ్చుకోండి. పిల్లి ఉంటే క్రీపర్ దగ్గరికి రాదు, గాల్లో ఎగిరే ఫాంటమ్ కిందికి దిగదు. ఊళ్ళో తిరిగే పిల్లికి పచ్చి కాడ్ లేదా పచ్చి సాల్మన్ పెడితే మచ్చికవుతుంది. అడవిలో ఆసిలాట్‌ని పట్టుకుంటే పిల్లిగా మారుతుందని పాత వీడియోల్లో చూపిస్తారు, 2019 నాటి 1.14 నుంచి అది పనిచేయదు. ఫాంటమ్‌లు అసలు వచ్చేది మీరు మూడు రోజులుగా నిద్రపోకపోతేనే, కాబట్టి పిల్లి కంటే ముందు మంచం చూసుకోండి.

సాలీడు వీటికి భిన్నం. వెలుతురు 12 లేదా అంతకంటే ఎక్కువ ఉంటే మీరు కొట్టనంతవరకు దాని దారిన అది పోతుంది.

వార్డెన్ బయటికొచ్చేసింది

కొట్టొద్దు, 500 హెల్త్ ఉంది. దానికి కళ్ళు లేవు, అలికిడిని బట్టి వస్తుంది, దగ్గరికి వస్తే వాసన పట్టగలదు. వంగి నడవండి, ఉన్ని బ్లాకుల మీద అడుగులేయండి, ఒక మంచు ఉండని దూరంగా విసిరితే అది అటు పోతుంది. 60 సెకన్లు ఏ అలికిడీ దొరకకపోతే మళ్ళీ భూమిలోకి దిగిపోతుంది. ఆ వెంటనే చెస్ట్‌ల దగ్గరికి పరుగెత్తకండి. ష్రీకర్ (అరిచి వార్డెన్‌ని లేపే బ్లాకు) హెచ్చరికలు ఒక్కోటి తగ్గడానికి పది నిమిషాలు పడుతుంది. ఈలోపు ఇంకో ష్రీకర్ అరిస్తే వార్డెన్ మళ్ళీ లేస్తుంది.