సినిమా సాగేకొద్దీ మ్యూజిక్ ముందుకు జరిగిపోతుంటే: నా అనుభవం

విజయవాడలో ఇండిపెండెంట్ సినిమాలకి మ్యూజిక్ చేస్తుంటాను. ట్యూన్లు తక్కువ, శబ్దాలు ఎక్కువ. ఈసారి ప్రకాశం బ్యారేజీ రెయిలింగుకి కాంటాక్ట్ మైక్ (వస్తువు కంపనాన్నే పట్టే మైక్) అంటించి తీసుకున్న మోతే ప్రధాన వాయిద్యం.

సమస్య ఏంటంటే, మొదట్లో అంతా బాగానే ఉంటుంది. ఇరవయ్యో నిమిషంలో, గుంటూరు మిర్చి యార్డు సీన్లో, బస్తా నేల మీద పడకముందే దెబ్బ వినిపిస్తుంది. మళ్లీ ఎక్స్‌పోర్ట్ చేయడం, బఫర్ మార్చడం, ఫైల్‌ని వెనక్కి జరపడం, ఏదీ పనిచేయలేదు.

చివరికి తేడా కొలిచాను. 20 నిమిషాల దగ్గర దాదాపు 1.2 సెకన్లు, 10 దగ్గర అందులో సగం. అంటే 0.1 శాతం. ఎడిటర్‌ని అడిగితే సినిమా టైమ్‌లైన్ సెకనుకి 23.976 ఫ్రేములన్నాడు. మ్యూజిక్ చేయడానికి నాకొచ్చిన రిఫరెన్స్ వీడియో 24. అవే ఫ్రేములు కాస్త వేగంగా నడిచి వీడియో పొట్టిదైంది. (రిఫరెన్సే కదా అని ఎవరూ చూడరు.)

రీపర్‌లో (నేను మ్యూజిక్ చేసే సాఫ్ట్‌వేర్) ప్రాజెక్ట్ ఫ్రేమ్ రేట్ 23.976 చేసి, ఫైనల్ వీడియో పెట్టి, మొత్తం మిక్స్‌ని ఒకే ఐటమ్‌గా సున్నా దగ్గర ఉంచి, ప్లేబ్యాక్ రేట్ 0.999001 కొట్టాను. తర్వాత వేగం మారినా శ్రుతి మారకుండా ఉంచే 'ప్రిజర్వ్ పిచ్' టిక్ తీసేశాను. అదుంటే రెయిలింగ్ మోతలో గరగర వస్తోంది. తీసేస్తే శ్రుతి రెండు సెంట్ల లోపే (సెంటు అంటే పక్కపక్క స్వరాల మధ్య దూరంలో నూరో వంతు) దిగుతుంది, మామూలు చెవికి తెలీదు. బస్తా, దెబ్బ కలిశాయి.

తేడా సమానంగా పెరుగుతుంటేనే ఇది పనికొస్తుంది. ఫోన్‌తో తీసిన వేరియబుల్ ఫ్రేమ్ రేట్ (ఫ్రేముల వేగం మారుతూ ఉండే) ఫుటేజీకి కుదురుతుందని చెప్పలేను. డైలాగ్ ట్రాక్ మీద నేనైతే ప్రయత్నించలేదు.