నీడ పడని స్తంభాన్ని ఎడారిలో నిలబెట్టడం ఎలా

వేసవి సెలవులొస్తే మా వీధి పిల్లలూ, హైదరాబాద్ నుంచి వచ్చే మనవలూ కలిసి రాత్రి పదిమంది దాకా మా అరుగెక్కుతారు. మాది అమలాపురం దగ్గర పల్లె. ముప్పై ఏళ్ళు బడిలో సోషల్ చెప్పి రిటైరయ్యాను. మూడేళ్ళుగా పిల్లలు అడిగే కథ ఒకటే, థార్ ఎడారిలో కాలం నెమ్మదించే స్తంభం కథ. ఆ స్తంభం నిజంగా ఎక్కడా లేదు, నేను కల్పించిందే. అలాంటి చోటు మీ పిల్లల కోసం మీరూ కట్టుకోవచ్చు.

పని మీ పెరట్లోనే మొదలవుతుంది. చదునైన చోట మూరెడు సరుగుడు కర్ర పాతండి. దారానికి రాయి కట్టి పక్కన వేలాడదీస్తే కర్ర నిటారుగా ఉందో లేదో తెలుస్తుంది. పదకొండున్నర నుంచి ఐదేసి నిమిషాలకి నీడ కొస దగ్గర ముగ్గుతో చుక్క పెట్టించండి. నీడ అన్నిటికంటే పొట్టిగా ఉన్న చుక్కే అసలు మిట్టమధ్యాహ్నం. దేశమంతా గడియారాలు 82.5 డిగ్రీల తూర్పు రేఖాంశాన్ని బట్టి నడుస్తాయి. ఆ గీత మన కాకినాడ పక్కనుంచే పోతుంది. అందుకే ఏప్రిల్ నడిమిలో మా పెరట్లో పొట్టి నీడ 12:02కి పడింది. థార్ ఎడారిలోని జైసల్మేర్ చాలా పడమట ఉంది కాబట్టి అదే రోజు అక్కడ 12:46 అవుతుంది. ఈ లెక్క చెప్పగానే ఒక పిల్ల, "అయితే అక్కడ గడియారం రోజూ ముప్పావుగంట అబద్ధం చెబుతుందా అమ్మమ్మా?" అంది. ఎడారిలో కాలం తేడాగా ఉంటుందని నేను చెప్పక్కర్లేకుండానే వాళ్ళు నమ్మడానికి సిద్ధమయ్యారు.

ఆ కర్రని పీకేయకండి. మే మొదటి వారంలో ఒక రోజు మధ్యాహ్నం దాని నీడ పూర్తిగా మాయమవుతుంది, సూర్యుడు సరిగ్గా నెత్తి మీదికొస్తాడు. ఆగస్టు మొదటి వారంలో మళ్ళీ వస్తాడు గానీ అప్పటికి మబ్బులు. కిందటేడు ఆ రోజు పిల్లలందరూ కర్ర చుట్టూ చతికిలబడి, ఊపిరి బిగబట్టి చూశారు. వారం కిందట వేలెడు మందాన ఉన్న నీడ కర్ర మొదట్లోకి ఇంకిపోయింది. జైసల్మేర్‌లో ఇది ఎన్నటికీ జరగదు. కర్కటరేఖ 23.5 డిగ్రీల దగ్గర ఉంటే ఆ ఊరు 27 డిగ్రీల దగ్గర ఉంది. జూన్ 21న కూడా మీటరు కర్రకి ఆరు సెంటీమీటర్ల నీడ మిగులుతుంది. అంటే మన పెరట్లో జరిగేదే అక్కడ జరిగితే వింత. నా స్తంభానికి గుర్తు అదే, మధ్యాహ్నం దానికి నీడ పడదు.

చోటుని ఖాళీ ఇసుకలో పెట్టకండి. థార్ అంటే ఇసుక తిన్నెలే కాదు, రాతి నేల ఉంది, తుప్పలున్నాయి, ఊళ్ళున్నాయి. అక్కడ వాళ్ళు ఖేజ్రీ అని కొలిచే చెట్టు మనం దసరాకి పూజించే జమ్మి. జైసల్మేర్ దగ్గర ఆకల్ అనే చోట 18 కోట్ల ఏళ్ళ నాటి చెట్లు రాళ్ళైపోయి పడున్నాయి. అది చదివాక నా స్తంభాన్ని కూడా రాయైపోయిన మానుగా మార్చేశాను. చుట్టూ పది అడుగుల గుండ్రం, అంతే. పెద్దది పెడితే కథ చేయి జారిపోతుంది.

ఇక అన్నిటికంటే ముఖ్యం, లెక్క. మొదటేడు నేను లెక్క లేకుండా చెప్పాను. లోపలికెళ్ళినవాడు ఒకసారి రోజు తర్వాత వచ్చాడు, ఇంకోసారి ఏడాది తర్వాత. ఒక కుర్రాడు మధ్యలో లేచి ఇంటికెళ్ళిపోయాడు. వాడిది న్యాయమే. బ్రహ్మలోకంలో పాట అయ్యేదాకా ఆగిన రైవతుడనే రాజు తిరిగొచ్చేసరికి ఇరవై ఏడు మహాయుగాలు గడిచాయని పురాణం కూడా అంకె వేసే చెబుతుంది. నా లెక్క, లోపల ఒక ఘడియ అంటే బయట ఒక రోజు. ఘడియకి 24 నిమిషాలు, రోజుకి 24 గంటలు. కాబట్టి నిమిషానికి గంట, పిల్లలు నోటితో కట్టేస్తారు.

లెక్క కుదిరాక గుండ్రానికి రెండు వైపుల నుంచీ చూపించండి. లోపలున్నవాడికి పొద్దు పొడిచి గుంకడానికి పన్నెండు నిమిషాలు చాలు. బయట కాపలా ఉన్న అన్న ఈగలా అటూ ఇటూ తిరుగుతుంటాడు. బయటున్న అన్నకేమో తమ్ముడు బొమ్మలా కనిపిస్తాడు. వాడి చేతిలోంచి మీటరు ఎత్తున గ్లాసు జారితే నేల తాకడానికి 27 సెకన్లు పడుతుంది. నేను ఇక్కడ ఒకటి నుంచి ఇరవై ఏడు దాకా నెమ్మదిగా లెక్కపెడతాను, పిల్లలు గొంతు కలుపుతారు. ఒక్కళ్ళూ కదలరు.

కథకి పిల్లలు కన్నం పెడితే సంతోషించండి. గుండ్రంలోకి వెళ్ళడమైనా, బయటికి రావడమైనా స్తంభానికి నీడ లేనప్పుడే అని నేను మొదట నియమం పెట్టాను. "నీడ లేనిది రెండు నిమిషాలే కదా, లోపల అది రెండు సెకన్లు. వాడు ఒక్క అడుగేసేలోపు అయిపోదూ?" అని ఒకమ్మాయి నిలదీసింది. ఆ రాత్రి నాకు జవాబు దొరకలేదు, రేపు చెబుతానన్నాను. మర్నాడు నియమం మార్చాను. లోపలికి వెళ్ళడానికే నీడ ఉండకూడదు, బయటికి ఎప్పుడైనా రావచ్చు. దాంతో కథకి కొత్త టెన్షన్ వచ్చింది, తమ్ముణ్ణి లాక్కురావాలంటే అన్న మర్నాటి మధ్యాహ్నం దాకా ఆగాలి.

చివరగా, వెళ్ళేవాళ్ళ చేతికి వాడిపోయేదేదైనా ఇవ్వండి. నేను నీళ్ళ సీసా ఇచ్చేదాన్ని, ఏమీ తెలిసేది కాదు. ఈ వేసవిలో ఆ అమ్మాయే మా పందిరి మల్లెమొగ్గలు కోసి రెండు మూరలు కట్టింది. ఒకటి కథలో చెల్లెలి జడకి, ఒకటి బయటున్న ఒంటె మెడకి. చెల్లెలు ఘడియ తర్వాత బయటికొచ్చేసరికి ఒంటె మెడలో పూలు విచ్చి, ఎర్రబడి, రాలుతున్నాయి. జడలోవి ఇంకా మొగ్గలే.