ఎముకల బొమ్మ ఫైళ్ళు: స్పైన్ నుంచి యూనిటీలోకి

మా తమ్ముడూ నేనూ కలిసి బిళ్ళంగోడు ఆట మీద ఒక మొబైల్ గేమ్ చేస్తున్నాం. వాడు బొమ్మలు గీసి, బొమ్మల కదలికలు తయారుచేసే స్పైన్ అనే సాఫ్ట్‌వేర్‌లో చేతులూ కాళ్ళూ కదిలేలా వాటికి ఎముకలు పెడతాడు, నేను గేములు తయారుచేసే యూనిటీలో కోడ్ రాస్తాను. మా ఇద్దరి మధ్య చేతులు మారేవి మూడు ఫైళ్ళు. ఎక్కువ టెన్షన్ పడింది వాటి దగ్గరే కాబట్టి, కొత్తగా మొదలుపెట్టేవాళ్ళకు అక్కడి నుంచే చెబుతాను.

స్పైన్‌లో ఎక్స్‌పోర్ట్ చేస్తే ఒక స్కెలిటన్ ఫైల్, ఒక ఎట్లాస్, ఒక పీఎన్‌జీ (బొమ్మ ఫైల్) వస్తాయి. బొమ్మ పెద్దదైతే పీఎన్‌జీలు రెండు మూడు కూడా రావచ్చు. స్కెలిటన్ ఫైల్‌లో ఎముకలు, ఏ క్షణానికి ఏ చెయ్యి ఎంత తిరగాలన్న లెక్కలు ఉంటాయి. బొమ్మ మాత్రం అందులో ఉండదు. అది పీఎన్‌జీలో తల ఒక మూల, మోచేయి ఇంకో మూల అన్నట్టు ముక్కలుగా ఉంటుంది. ఏ ముక్క ఎక్కడుందో చెప్పేది ఎట్లాస్. అది మామూలు టెక్స్ట్ ఫైలే, ఒకసారి నోట్‌ప్యాడ్‌లో తెరిచి చూడండి. పైన పీఎన్‌జీ పేరు, దాని కింద సైజు, ఆ తర్వాత ఒక్కో ముక్క పేరూ కొలతలూ కనిపిస్తాయి. అందుకే పీఎన్‌జీ పేరు మీరు విడిగా మార్చకూడదు. మారిస్తే ఎట్లాస్‌కు అది దొరకదు.

ఒకసారి తమ్ముడు కుర్రాడి నిక్కరు కాస్త పొడుగు చేసి పీఎన్‌జీ ఒక్కటే పంపాడు. నేనూ దాన్ని పాతదాని మీద పెట్టేశాను. ప్లే నొక్కితే కుర్రాడి మెడ మీద మడమ ఉంది, కర్ర ఉండాల్సిన చోట సగం చెవి ఉంది. నిక్కరు కొలత మారేసరికి ముక్కలన్నీ కొత్తగా సర్దుకున్నాయి. నా దగ్గరున్న ఎట్లాస్ మాత్రం పాత కొలతలతోనే కత్తిరిస్తోంది. అప్పటి నుంచీ ఏది మారినా అన్ని ఫైళ్ళూ జిప్ చేసి పంపాల్సిందే. ఫోన్‌లో ఫొటోగా అసలు పంపుకోం. సైజు తగ్గిపోతుంది, బొమ్మ వెనక ఖాళీగా ఉండాల్సిన చోట రంగు వచ్చేస్తుంది.

తర్వాత వెర్షన్ చూసుకోవాలి. ఫైళ్ళను చదివి బొమ్మను కదిలించే లైబ్రరీని రన్‌టైమ్ అంటారు. ఎడిటర్ 4.1 అయితే రన్‌టైమ్ కూడా 4.1 ఉండాలి, 4.2 పనికిరాదు. స్కెలిటన్‌ను జేసన్‌గా, అంటే మనం చదవగలిగే టెక్స్ట్‌గా ఎక్స్‌పోర్ట్ చేస్తే ఫైల్ మొదట్లోనే ఎడిటర్ వెర్షన్ రాసి ఉంటుంది. కొత్త ఫైల్ రాగానే నేను ముందు చూసేది అదే. గేమ్ సగంలో ఉండగా ఇద్దరిలో ఒక్కరే అప్‌డేట్ నొక్కొద్దు. ఇంకో మాట, రన్‌టైమ్ కోడ్ గిట్‌హబ్ అనే కోడ్ సైట్‌లో అందరికీ కనిపిస్తుంది, కానీ గేమ్‌లో పెట్టి విడుదల చెయ్యాలంటే స్పైన్ లైసెన్స్ ఉండాలి.

యూనిటీకి ఎట్లాస్ ఫైల్ చివర డాట్ టీఎక్స్‌టీ ఉండాలి. స్కెలిటన్‌ను జేసన్‌గా కాక బైనరీగా (మనం చదవలేని రూపంలో) తీస్తే చివర డాట్ బైట్స్. అన్నీ ఒకే ఫోల్డర్‌లో వేస్తే గేమ్‌కు కావాల్సిన మిగతా ఫైళ్ళు (అసెట్లు) యూనిటీయే తయారు చేసుకుంటుంది. బొమ్మ అంచుల చుట్టూ నల్లటి గీత వస్తే ప్రీమల్టిప్లైడ్ ఆల్ఫా (రంగును పారదర్శకతతో ముందే గుణించి పెట్టడం) దగ్గర ఎక్స్‌పోర్ట్‌కూ యూనిటీకీ తేడా ఉందని అర్థం. యూనిటీ ప్రాజెక్ట్ సెట్టింగుల్లో కలర్ స్పేస్ లీనియర్ అని ఉంటే, స్పైన్ ఎక్స్‌పోర్ట్‌లో ఈ ప్రీమల్టిప్లై తీసేసి బ్లీడ్ (అంచు రంగును పక్క ఖాళీలోకి పాకించడం) పెట్టండి, యూనిటీలో ఆ బొమ్మ మెటీరియల్‌లో స్ట్రెయిట్ ఆల్ఫా (అలా గుణించని బొమ్మ) టిక్ చెయ్యండి.

ఇక కోడ్. ఒక కదలికను మొదలుపెట్టే సెట్ యానిమేషన్‌ను, ప్రతి ఫ్రేమ్‌కూ నడిచే అప్‌డేట్ ఫంక్షన్‌లో ఊరికే పిలవొద్దు. ప్రతి ఫ్రేమ్‌కూ పరుగు మొదటి నుంచి మొదలై, కుర్రాడు ఒక కాలు ఎత్తి అలాగే నిలబడిపోతాడు. నిలబడ్డవాడు పరుగు మొదలుపెట్టిన ఆ ఒక్క క్షణంలో పిలిస్తే చాలు. ఒక కదలిక నుంచి ఇంకోదానికి మారేటప్పుడు మిక్స్ (రెండూ కలిసిపోయే సమయం) 0.2 సెకన్లు పెడితే మాకు బాగా కుదిరింది. ట్రాకులంటే ఒకేసారి నడిచే కదలికల వరసలు. పరుగును ట్రాక్ 0లో, చెయ్యి విసరడాన్ని ట్రాక్ 1లో వేస్తే పరిగెడుతూనే కొడతాడు. అయితే విసిరే యానిమేషన్‌లో కాళ్ళకు కీ (ఈ క్షణానికి ఇలా ఉండాలన్న గుర్తు) ఒక్కటి కూడా ఉండకూడదు, ఉంటే పరుగు చెడుతుంది. దెబ్బ అయ్యాక ట్రాక్ 1కి ఎంప్టీ (ఖాళీ) యానిమేషన్ ఇస్తే చెయ్యి మెల్లగా పరుగులో కలిసిపోతుంది.

కర్ర బిళ్ళకు తగిలే శబ్దం కోసం మొదట కోడ్‌లో సెకన్లు లెక్కపెట్టాను. తమ్ముడు విసురు వేగం మార్చినప్పుడల్లా శబ్దం ముందో వెనకో వచ్చేది. ఇప్పుడు వాడే స్పైన్ టైమ్‌లైన్‌లో కర్ర తగిలే ఫ్రేమ్ మీద ఈవెంట్ (పేరు పెట్టిన గుర్తు) పెడతాడు, నేను కోడ్‌లో ఆ పేరు కోసం వింటాను. వాడు వేగం ఎంత మార్చినా టక్ మన్న చప్పుడు సరిగ్గా బిళ్ళ లేచే చోటే వస్తోంది.