సర్పంచ్ నామినేషన్ వేసే ముందు జాగ్రత్తలు

దేవరకొండ చుట్టుపక్కల తండాల్లో మొదటిసారి బరిలో దిగేవాళ్లు ముందుగా ప్రచారం గురించే ఆలోచిస్తారు. అసలు టెన్షన్ స్క్రూటినీ (నామినేషన్ల పరిశీలన) రోజున ఉంటుంది.

- వయసు 21 నిండాలి. ఓటరు జాబితాలో మీ పేరుతో పాటు మిమ్మల్ని ప్రతిపాదించే మనిషి పేరు కూడా చూసుకోండి.

- ఇంటి పన్ను, నల్లా బిల్లు బకాయిలు కట్టేసి రసీదు తీసుకోండి. "కట్టేసినం సార్" అంటే ఎదుటి వర్గం ఊరుకోదు. ఇంటి నంబరు, పేరు, తేదీ సరిగ్గా పడ్డాయో లేదో పంచాయతీ ఆఫీసులోనే నిలబడి చదవండి. తర్వాత దిద్దించుకోవడానికి టైం దొరకదు.

- రిజర్వుడు స్థానమైతే కుల ధ్రువీకరణ పత్రం తప్పనిసరి. దాంట్లో ఒక ఇంటిపేరు, ఆధార్‌లో ఇంకొకటి ఉంటే ముందే సరిచేయించండి.

- ఇదివరకు పోటీ చేశారా? అప్పటి ఖర్చుల లెక్క ఇచ్చినట్టు కాగితం దగ్గర ఉంచుకోండి.

- పిల్లల సంఖ్య నిబంధనపై రచ్చబండ మాటలు నమ్మొద్దు. నోటిఫికేషన్ నాటికి ఏ చట్టం అమల్లో ఉందో ఎంపీడీవో ఆఫీసులో అడగండి.

- నామినేషన్ తిరస్కరిస్తే కారణం రాతపూర్వకంగా అడిగి తీసుకుని వెంటనే ఆర్డీవో దగ్గర అప్పీలు వేయండి. గడువు చాలా తక్కువ. కోర్టుకు పోతే ఎన్నిక ఆగుతుందని మాత్రం అనుకోకండి. రాజ్యాంగంలోని 243-ఓ అధికరణ ప్రకారం పంచాయతీ ఎన్నికను సవాలు చేయడానికి ఎలక్షన్ పిటిషన్ (ఎన్నిక చెల్లదంటూ వేసే కేసు) ఒక్కటే దారి, అదీ ఫలితం వచ్చాకే.