ఎండాకాలంలో కువైట్ ఎడారి పనికి వెళ్తున్నారా? ఇవి తెలుసుకుని వెళ్లండి

రాజోలు, అమలాపురం వైపు నుంచి మే, జూన్‌లలో కువైట్ ఫ్లైట్ ఎక్కేవాళ్ల కోసం రాస్తున్నాను, ముఖ్యంగా ఊరికి దూరంగా ఎడారిలో గొర్రెలు, ఒంటెలు చూసే పనికి వెళ్లేవాళ్ల కోసం. నేను అక్కడ మూడు వేసవులు ఉన్నాను.

రోహిణి కార్తెలో చేలో పనిచేసినవాళ్లం, ఎండ మనకేం కొత్త అనుకుంటాం. తేడా అంతా చెమట దగ్గరుంది. కోనసీమలో చొక్కా తడిసి ఒంటికి అంటుకుపోతుంది కాబట్టి నీళ్లు గుర్తొస్తాయి, అక్కడ పొడి గాలికి చెమట పట్టింది పట్టినట్టే ఆరిపోతుంది, ఒంట్లో నీరు పోతున్నట్టే తెలీదు. దాహం వేసేదాకా ఆగకండి. ఎండలో ఉన్నంతసేపూ పావుగంటకో ఇరవై నిమిషాలకో ఒక గ్లాసు తాగండి. మూత్రం ముదురు పసుపుగా వస్తే నీళ్లు చాలట్లేదని అర్థం. ఓఆర్‌ఎస్ ప్యాకెట్లు ఇక్కడి నుంచే పట్టుకెళ్లండి. ప్లాస్టిక్ ట్యాంకులో నీళ్లు కాగిపోతాయి, సీసాకి తడి గోనెగుడ్డ చుట్టి నీడలో గాలి తగిలేచోట వేలాడదీయండి, ఆ పొడి గాలికే చల్లబడతాయి.

2016 జూలై 21న కువైట్‌లోని మిత్రిబాలో 53.9 డిగ్రీలు నమోదైంది. అక్కడి ఎండలు అలాంటివి కాబట్టే జూన్ 1 నుంచి ఆగస్టు 31 దాకా పగలు 11 నుంచి 4 వరకు బయట ఎండలో పని చేయించకూడదని రూలు పెట్టారు, కానీ మందల దగ్గరికొచ్చి దాన్ని చూసేదెవరు? మేత, నీళ్లు తెల్లారకముందే పెట్టేయండి. మొదటి వారం పది రోజులు పని కొంచెం కొంచెంగా పెంచండి, ఒంటికి అలవాటు పడే టైమ్ కావాలి.

పక్కవాడు తడబడుతూ పొంతన లేకుండా మాట్లాడుతున్నాడంటే వడదెబ్బే. నీడలోకి లాగి, బట్టలు వదులు చేసి, ఒళ్లంతా నీళ్లు పోసి విసురుతూ ఉండండి, వెంటనే 112కి ఫోన్ చేయండి. స్పృహ లేకపోతే నోట్లో నీళ్లు పోయొద్దు.

బండి ఇసుకలో దిగబడినా, దుమ్ము గాలి లేచినా దాన్ని వదిలి నడవకండి. వెతికేవాళ్లకి మనిషి కంటే బండి తొందరగా కనపడుతుంది.

వెళ్లేముందు కాగితాలు కూడా చూసుకోండి. నన్ను ఇంట్లో డ్రైవర్ పని అని తీసుకెళ్లి ఎడారిలో దింపారు. విజిట్ వీసా మీద అసలు వెళ్లొద్దు, వీసాలో ఏ పని రాసి ఉందో చదివించుకోండి, ప్రవాసీ భారతీయ బీమా కట్టారో లేదో అడగండి. దిగిన రోజే ఫోన్‌లో లొకేషన్ ఇంటికి పంపండి, మకాం మారిన ప్రతిసారీ మళ్లీ పంపండి.